తలుపు బయట కూర్చున్న మధ్యాహ్నాలు

నేను జహీరాబాద్ వచ్చింది సినిమా తీయడానికి కాదు. సినిమాలు మానేద్దామని వచ్చాను.

అంతకుముందు చాలా ఏళ్లు హైదరాబాద్‌లో ఒక వార్తా ఛానెల్‌లో ఎడిటింగ్ పని చేశాను. రోజూ నా ముందుకు ఏడ్చే ముఖాలు వచ్చేవి. ఇల్లు కూలిపోయినవాళ్లు, బిడ్డ తప్పిపోయినవాళ్లు, దవాఖాన మెట్ల మీద కూలబడినవాళ్లు. ఏ కన్నీటి దగ్గర వీడియోను కోయాలో, ఏ వెక్కిలి దగ్గర ఆపాలో నా వేళ్లకు అలవాటైపోయింది. ఒకసారి మా పక్క వాటాలో ఉండే ఆవిడ భర్త పోయాడు. ఓదారుద్దామని వెళ్లి ఆమె పక్కన కూర్చున్నాను. ఆమె నా భుజం పట్టుకుని ఏడుస్తుంటే, ఎక్కడ కోస్తే బాగుంటుందో చూస్తున్నానని నాకే అర్థమైంది. ఆ తర్వాత కొద్ది రోజులకు ఉద్యోగం వదిలేశాను.

వదిలేశాక సొంతంగా రెండు చిన్న డాక్యుమెంటరీలు తీశాను. వాటికి కొన్ని నియమాలు పెట్టుకున్నాను. ఎవరినీ ప్రశ్నలు అడగకూడదు. ఏడుస్తున్న ముఖానికి దగ్గరగా కెమెరా పోకూడదు. వెనక సంగీతం ఉండకూడదు. వీళ్లు ఎంత పేదవాళ్లో చెప్పే గొంతు ఉండకూడదు. చూసినవాళ్లు వాటిని ప్రయోగాత్మకం అన్నారు. ఆ మాటకు అర్థం, చివరిదాకా ఎవరూ కూర్చోలేదని. నేనూ అలసిపోయాను.

జహీరాబాద్ ఎందుకంటే, కోహీర్ దగ్గర పల్లె మా అమ్మ పుట్టిన ఊరు. చిన్నప్పుడు అమ్మతో ఇక్కడి సంతకు వచ్చేదాన్ని. అమ్మ లేదు. ఆ పల్లెలో నన్ను గుర్తుపట్టే మనిషీ లేదు. కానీ అద్దె తక్కువ, ఊరి పేరు పరాయిగా అనిపించదు. హైవే పక్కన ఒక టైర్ల షాపు పైన గది తీసుకున్నాను. పెళ్లి స్టూడియోల వాళ్లు వీడియోలు పంపేవారు, కుదించి పాటలు కలిపి తిరిగి పంపేదాన్ని. కొన్నిసార్లు పొద్దుటి నుంచి చీకటిపడేదాకా నోరు విప్పే అవసరమే ఉండేది కాదు. పాలప్యాకెట్ అడగబోతే గొంతు బొంగురుగా వచ్చేది. ఒకసారి షాపాయన, "జలుబైందా అమ్మా?" అని అడిగాడు. అవునన్నాను.

సాయంత్రాలు మాత్రం చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టుకుని, చేతిలో చిన్న రికార్డర్‌తో తిరిగేదాన్ని. సినిమా కోసం కాదు, అలవాటు. చెరకు ట్రాక్టర్ల చప్పుడు, వెల్డింగు చప్పుడు, ముంబై వైపు పోయే లారీలు గేరు మార్చే చప్పుడు. ఇంటికొచ్చి విని చెరిపేసేదాన్ని.

అలా తిరుగుతూ ఒకరోజు లారీలు బాగుచేసే షెడ్ల వెనక్కి పోయాను. అక్కడ వరసగా రేకుల గదులు ఉన్నాయి. హైవే మీద ఎన్నిసార్లు పోయినా అవి కనపడవు. బీదర్ వైపు నుంచి, గుల్బర్గా వైపు నుంచి పని కోసం వచ్చినవాళ్లు ఎక్కువగా ఉండేవాళ్లు. చివరి గది ముందు ఒకామె గోనెసంచులు తిరగేసి బండకేసి కొడుతోంది. ప్రతి దెబ్బకూ ఎర్రటి దుమ్ము లేచి, ఆమె చుట్టూ తిరిగి, మెల్లగా దిగుతోంది. నేను నిలబడి రికార్డు చేయడం మొదలుపెట్టాను.

ఆమె చేయి ఆపింది.

"ఏం గావాలె మేడం?"

"ఏం లేదక్కా. చప్పుడు రికార్డు చేసుకుంటున్నా."

"దేని సప్పుడు?"

"మీరు సంచులు దులుపుతున్నారు కదా, అది."

ఆమె చేతిలోని సంచి వైపు చూసింది, నా వైపు చూసింది.

"మాటలు ఒద్దా?"

"వద్దు."

"గట్లనా," అని మళ్లీ మొదలుపెట్టింది. మొదట నా కోసమన్నట్టు గట్టిగా కొట్టింది. కాసేపటికి నన్ను మరిచిపోయింది. అప్పుడు తన మామూలు దెబ్బ వచ్చింది. అల్లం వాసన, ఉల్లిగడ్డ వాసన కలిసిన దుమ్ము నా ముక్కుల్లోకి పోయి తుమ్ములొచ్చాయి. ఆమె నవ్వింది. ఆ రోజు రికార్డింగు నేను చెరపలేదు.

ఆమె వయసు యాభై దాటి ఉంటుంది. మార్కెట్ వ్యాపారులు చిరిగిన సంచులు తెచ్చి పడేసి పోతారు. ఆమె దులిపి, దబ్బనంతో పురికొస పెట్టి కుట్టి, కట్టలు కట్టి ఇస్తుంది. ఇంట్లో మాట్లాడే భాష కన్నడం. భర్త లారీ డ్రైవరు. ఒకసారి బండి మీద పోయినవాడు తిరిగి రాలేదు. ప్రమాదమో, ఇంకెక్కడైనా ఇంకో సంసారం పెట్టుకున్నాడో ఆమెకు తెలియదు. ఆ లారీ మాత్రం ఇంకో డ్రైవరుతో తిరిగి వచ్చిందట. ఇదంతా నేను అడగలేదు. సంచులు కుడుతూ, ఒక్కో రోజు ఒక్కో ముక్క చెప్పింది.

నేను రోజూ అక్కడికి పోవడం మొదలైంది. ఒకరోజు నాకు తెలియకుండానే కెమెరా బ్యాగులో పెట్టుకున్నాను. మానేద్దామనుకున్న పని మళ్లీ మొదలవుతోందని దారిలోనే అర్థమైంది.

"అక్కా, మిమ్మల్ని వీడియో తీస్తే ఏమైనా ఇబ్బందా?" అన్నాను.

"తియ్యి. ముందుగూడ కెమెరాలోళ్లు వచ్చిన్రు," అంది.

స్టాండు మీద కెమెరా పెట్టి ఎర్రలైటు వెలిగేసరికి ఆమె మారిపోయింది. కొంగు తల మీదికి లాక్కుంది, చేతులు కట్టుకుంది, నాకు తెలియని ఒక గొంతుతో ఊపిరి తీసుకోకుండా చెప్పడం మొదలుపెట్టింది. ఇల్లు లేదు, పింఛను లేదు, రేషన్ కార్డు అవతలి రాష్ట్రంలో ఉంది, మొగడు పోయిండు, పెద్దసార్లు దయజూడాలె. అన్నీ నిజాలే. కానీ వాటిని బడిలో పద్యం అప్పజెప్పినట్టు చెప్పింది. చివరికి వచ్చాక కొంగు కిందికి జార్చి మామూలు గొంతుతో అడిగింది.

"సరిగ్గ చెప్పిన్నా? ఇంక ఏడ్వాల్నా?"

నేను కెమెరా ఆపబోయాను.

"మొన్న వచ్చినోళ్లు జర ఏడ్వమన్నరు. నాకు రాలే. గా సంచి దులుపు, దుమ్మువడితె కండ్లల్ల నీళ్లొస్తయన్నరు," అంది మామూలుగానే, సంచి అందుకుంటూ.

ఆ వచ్చినవాళ్లెవరో నాకు తెలియదు. కానీ వాళ్లు తీసి పంపిన వీడియోను నాలాంటిది ఒకతి ఎక్కడో కూర్చుని కోసి ఉంటుంది. కెమెరా ఆపి బ్యాగులో పెట్టేశాను. చాయ్ తాగి వచ్చేశాను.

తర్వాత చాలా ఆలోచించాను. తప్పు ఆమె చెప్పిన మాటల్లో లేదు. కెమెరా పట్టుకుని ఒక మనిషి ఎదురుగా కూర్చుంటే, ఆ మనిషి దేనికోసం వచ్చాడో అది ఇచ్చి పంపించాలని ఆమె నేర్చుకుంది. చుట్టమొస్తే చాయ్ పెట్టినట్టు. అయితే ఎదురుగా కూర్చునే మనిషినే తీసేస్తే? కెమెరా లోపల పెట్టి నేను గదిలోంచి వెళ్లిపోతే? నాకు చాలా రోజుల తర్వాత ఉత్సాహం వచ్చింది. నా గదిలో అటూ ఇటూ తిరుగుతూ నాతో నేనే మాట్లాడుకున్నాను.

మర్నాడు మధ్యాహ్నం వెళ్లి ఆమెకు చెప్పాను.

"కెమెరా ఇక్కడ పెట్టి నేను బయటికి పోతాను అక్కా. తలుపు వేసుకోండి. లోపల మీ ఇష్టం. పని చేసుకోండి, మాట్లాడండి, పాడండి, కెమెరాకు వీపు పెట్టి కూర్చోండి. వద్దనిపిస్తే ఈ మీట నొక్కండి, ఆగిపోతుంది."

"నువ్వు లోపల ఉండవా?"

"ఉండను."

"మరి ఏడుంటవ్?"

"బయట ఈ బండ మీద కూర్చుంటా."

"ఎంతసేపు?"

"మీరు పిలిచేదాకా."

"పోవు గద?"

"పోను."

"నడిమిట్ల లేసి చాయ్‌కి గీయ్‌కి పోతవేమో?"

కెమెరా ఖరీదైనది, దానికేమైనా అయితే తన మీద పడుతుందని భయపడుతోందనుకున్నాను. పోనని ఒట్టు పెట్టాను. ఆమె తలుపు దగ్గరికి వేసుకుంది.

బయట ఎండ. బండ వేడిగా ఉంది, కింద ఒక సంచి పరుచుకున్నాను. ఎదురుగా షెడ్డులో ఒక లారీ తొట్టి విప్పి పెట్టారు, దాని కింద ఎవరివో కాళ్లు కనిపిస్తున్నాయి. లోపల్నుంచి దబ్బనం గోనెలోంచి దూరి పురికొస లాగే చప్పుడు కాసేపు వినిపించింది. తర్వాత ఆగిపోయింది. మాట్లాడుతోందేమో అని చెవి పెట్టాను. ఏమీ వినపడలేదు. మెల్లగా మాట్లాడుతోంది కాబోలు, మొగుడి గురించేమో, ఇన్నాళ్లు ఎవరికీ చెప్పనిదేమో అనుకున్నాను. ఎవరో ఒక మగమనిషి షెడ్ల మధ్యలోంచి ఆ గది వైపు వచ్చాడు. నన్ను చూసి ఆగాడు, చెప్పులోంచి రాయి దులుపుకున్నట్టు చేసి వెనక్కి తిరిగిపోయాడు. నేను పట్టించుకోలేదు. నా మనసంతా లోపలే ఉంది.

పొద్దు వాలాక తలుపు తెరుచుకుంది. ఆమె చెంప మీద గోనె అల్లిక అచ్చు పడి ఉంది.

"అయిపోయింది చెల్లె," అంది. అంతవరకూ నన్ను మేడం అనే పిలిచింది.

గదికి పోయి, అన్నం కూడా వండుకోకుండా ఆ వీడియో చూశాను. ఆమె కాసేపు కుట్టింది. లేచి కెమెరా దగ్గరికి వచ్చి అద్దంలోకి తొంగి చూసింది. తలుపు సందులోంచి బయటికి చూసింది, నేనున్నానో లేదోనని. తర్వాత సంచుల కట్ట ఒకటి తల కిందికి లాక్కుని, గోడ వైపు తిరిగి పడుకుంది. ఇక అంతే. మధ్యాహ్నం అంతా నిద్రపోయింది.

మొదట నీరసం వచ్చింది. ముందుకు జరిపి చూశాను, నిద్ర. ఇంకా ముందుకు జరిపాను, నిద్ర. విసుగేసి ఆపబోయి ఎందుకో ఆపలేదు. రేకుకు ఉన్న చిల్లుల్లోంచి ఎండ చుక్కలు చుక్కలుగా పడి ఆమె వీపు మీదుగా మెల్లగా జరుగుతోంది. దుమ్ము ఆ ఎండలో తేలుతోంది. లారీ పోయినప్పుడల్లా గోడకు తగిలించిన గిన్నె సన్నగా మోగుతోంది. ఒకసారి ఆమె వెల్లకిలా తిరిగింది. నోరు కొద్దిగా తెరుచుకుంది, నుదుటి మీద ముడత పోయింది. ఛానెల్‌లో పనిచేసినన్నాళ్లు ఇలాంటి పేటల్లో ఉండే మనుషులు అరవడం చూశాను, మొక్కడం చూశాను, పరిగెత్తడం చూశాను. ఒక్కరు కూడా హాయిగా నిద్రపోవడం చూడలేదు. అది ఎవరికీ వార్త కాదు. నేను చివరిదాకా చూశాను.

తర్వాతి మధ్యాహ్నం కూడా అదే. ఆ తర్వాతా అదే. నేను కెమెరా పెట్టడం, బయట కూర్చోవడం, ఆమె పడుకోవడం. అడగకూడదన్న నియమం నాదే కాబట్టి అడగలేదు. చివరికి ఆమే అడిగింది, చాయ్ గ్లాసు నా చేతికిస్తూ.

"చెల్లె, నీ సిన్మా ఖరాబ్ చేస్తున్ననా? రోజు పండుకుంటున్న."

"లేదక్కా. పడుకోండి. బాగుంది."

"ఏం బాగుంటది, పండుకుంటె?" అని నవ్వి, తలుపు వైపు చూపించింది. "దానికి లోపట గడియ లేదు. నూకితె తెరుచుకుంటది. రాత్రి తాగినోళ్లు వస్తరు. దారి తప్పొచ్చినం అంటరు. అందరికి గీ ఒక్క తలుపుకాడనే దారి తప్పుతది. గందుకె రాత్రంత బల్బు ఏసుకొని, దబ్బనం చేతిల వట్టుకొని కుడుత. పొద్దుగాల సంచులోళ్లు వస్తరు. పగటిపూట జర కన్నంటుకున్నా ఎవలో ఒకలు తలుపు నూకుతరు. నువ్వు బయట కూసుంటె ఎవలు రారు. నిద్రవడ్తది."

ఆ చెప్పులోని రాయి దులుపుకున్న మనిషి అప్పుడు గుర్తొచ్చాడు.

"కెమెరా ఉందని రావట్లేదేమో అక్కా," అన్నాను. అలా అనడంలో నాకు ఏదో ఆశ ఉంది.

"కెమెరానా? గదేం జేస్తది, కొడ్తదా?" అంది ఆమె.

నాకు నవ్వొచ్చింది, వెంటనే ఆగిపోయింది. సినిమాలోంచి నన్ను నేను తీసేశానని అన్నాళ్లు సంబరపడ్డాను. ఆమెకు కావలసింది ఆ తీసేసిన మనిషే. నా కెమెరా ఉన్నా లేకపోయినా ఒకటే, బండ మీద ఒక ఆడమనిషి కూర్చుని ఉండాలి.

మర్నాడు పొద్దున్నే ఎదురు షెడ్డులో వెల్డింగు చేసే అతణ్ని బతిమాలి తీసుకొచ్చాను. గదుల యజమాని వచ్చి రేకు పాడైతదని సణిగాడు. వెల్డింగతను వినిపించుకోలేదు. తలుపుకు లోపలివైపు చిన్న ఇనుప గడియ అతికించి, నీళ్లు చల్లి చల్లార్చి పోయాడు. ఆమె లోపలికి పోయి గడియ పెట్టింది. తీసింది. మళ్లీ పెట్టింది. బయట నన్ను తలుపు నూకమంది. నూకాను. కదల్లేదు. "గట్టిగ నూకు," అని లోపల్నుంచి అరిచింది. భుజం పెట్టి నూకాను. లోపల్నుంచి ఆమె నవ్వు వినిపించింది. ఆమె అంత గట్టిగా నవ్వడం నేను అప్పుడే విన్నాను.

మరుసటి రోజు వెళ్లేసరికి బాగా పొద్దెక్కినా తలుపు మూసే ఉంది. ముందు సంచుల కుప్ప అలాగే పడి ఉంది. తట్టాను. చాలాసేపటికి తీసింది. కళ్లు ఉబ్బి ఉన్నాయి. "రాత్రి ఎప్పుడు పండుకున్ననో, గిప్పుడే లేసిన," అంది సిగ్గుపడుతూ. నాకు సంతోషమైంది. మధ్యాహ్నం అయింది. ఆమె కుట్టుకుంటూ కూర్చుంది, నిద్ర రాలేదు. నేను బయట బండ మీద కూర్చున్నాను. అక్కడ నాకు ఇక పని లేదని తెలుస్తూనే ఉంది. అయినా లేవలేకపోయాను. ఆ బండ తప్ప ఆ ఊళ్లో నేను కూర్చోవలసిన చోటు ఇంకోటి లేదు.

కెమెరా తీసుకోకుండా కూడా పోవడం మొదలుపెట్టాను. కొన్ని రోజులు ఆమె మామూలుగానే చాయ్ ఇచ్చింది. ఒకరోజు తలుపులోంచి తల బయటపెట్టింది.

"ఇంగ నేను రాత్రి పండుకుంటున్న గద. నీ సిన్మాకు ఏం జెయ్యాలె?"

"ఏం చేయొద్దక్కా. అయిపోయినట్టే."

"మరి ఎండల ఎందుకు కూసున్నవ్?"

నేను కింద పరుచుకున్న సంచి సర్దుకున్నాను.

"ఇంట్ల ఎవలుంటరు నీకు?"

"ఎవరూ లేరు."

"అన్నం తిన్నవా?"

తిన్నానన్నాను. నమ్మలేదు. లోపలికి పిలిచి జొన్నరొట్టె, పుంటికూర పెట్టింది. తింటుంటే ఎదురుగా కూర్చుని నా ముఖం చూసింది. నేను ఎన్నో ముఖాల్ని చూశాను కానీ నన్ను అలా ఎవరైనా చూసి చాలా కాలమైంది.

"జరసేపు ఒరుగు. కండ్లు గుంజుకపోయినయ్ నీకు," అంటూ సంచుల మీద దుప్పటి పరిచింది. "ఫికర్ చెయ్యకు. నేను తలుపుకాడ కూసుంట."

వద్దనలేకపోయాను. గోడ వైపు తిరిగి పడుకున్నాను. కింద గోనెలోంచి అల్లం వాసన వస్తోంది. రేకు వేడి ముఖానికి కొడుతోంది. గడప మీద ఆమె కూర్చుని కుడుతోంది, దబ్బనం దూరుతోంది, పురికొస బుసకొట్టినట్టు వస్తోంది. నాకు నిద్ర రాలేదు. ఎంత ప్రయత్నించినా రాలేదు. కాసేపటికి ఎవరో బండి ఆపి సంచుల కట్ట కింద పడేశారు. గట్టిగా ఏదో అనబోయారు.

"సప్పుడు జెయ్యకు. మా చెల్లె పండుకున్నది," అంది ఆమె గొంతు తగ్గించి.

ఆ మనిషి చెప్పులు చప్పుడు కాకుండా వెళ్లిపోయాడు. నేను కళ్లు తెరవలేదు. ఆమె లేపేదాకా, ఊపిరి నిదానంగా తీసుకుంటూ, నిద్రపోతున్నట్టే పడుకున్నాను.

చెరకు లారీలు తగ్గి ఎండలు ముదిరే సమయానికి నేను సినిమా కూర్పు మొదలుపెట్టాను. నిద్ర, దుమ్ము, ఎండ చుక్కలు, లారీల చప్పుడు. మధ్య మధ్యలో నేను బయట రికార్డు చేసిన సంచుల దెబ్బలు. అలా చూస్తుండగా ఒకచోట ఆమె నిద్రలో మాట్లాడడం కనిపించింది. మొదటిసారి చూసినప్పుడు లారీ చప్పుడులో నేను పట్టుకోలేదు. కన్నడంలో కొన్ని మాటలు, ఎవరినో పిలుస్తున్నట్టు, తర్వాత బతిమాలుతున్నట్టు. నాకు కన్నడం రాదు. కింద టైర్ల షాపులో పనిచేసే ఒకాయనకు వచ్చు. మెట్లు దిగి వినిపిస్తే చెప్పేస్తాడు. నేను మెట్ల దాకా పోయి వెనక్కి వచ్చాను.

ఆమెనే నా గదికి పిలిచాను. కుర్చీ వేస్తే కూర్చోకుండా కిందే కూర్చుంది. చెవులకు హెడ్‌ఫోన్లు పెట్టి ఆ ముక్క వినిపించాను. ఆమె ముఖంలో ఏమీ మారలేదు. చేతులు మాత్రం ఒళ్లో ఒకదాన్నొకటి పట్టుకున్నాయి. ఇంకోసారి పెట్టమంది. పెట్టాను. హెడ్‌ఫోన్లు తీసి నేల మీద జాగ్రత్తగా పెట్టింది.

"నీకు సమజైందా ఇది?"

"లేదక్కా."

"ఎవలనన్న అడిగినవా?"

"అడగలేదు."

"అయితె తీసెయ్. సిన్మాలకెళ్లే కాదు, మొత్తానికే తీసెయ్."

ఆమె చూస్తుండగానే తీసేశాను. మళ్లీ రాదు కదా అని అడిగింది. రాదన్నాను. తర్వాత సినిమా మొత్తం చూస్తానంది. చూసింది. తన నిద్రను తానే చూస్తూ తెరకు దగ్గరగా జరిగింది. తెర మీద తాను వెల్లకిలా తిరిగినప్పుడు, "మా అమ్మ లెక్క ఉన్న," అంది మెల్లగా. పోయేటప్పుడు గుమ్మంలో ఆగి ఇంకో మాట చెప్పింది. "ఈ ఊర్ల ఎవలకు చూపియ్యకు చెల్లె. పట్నంల చూపియ్యి. పేరు చెప్పకు." సరేనన్నాను. ఇక్కడ కూడా చెప్పడం లేదు.

ఆ మాటలు తీసేసిన చోట నేను ఏమీ అతకలేదు. అవి ఎంతసేపు ఉండేవో అంతసేపు తెరను నల్లగా, చప్పుడు లేకుండా వదిలేశాను.

సినిమాను పూర్తిచేయడానికి, నాలుగుచోట్ల చూపించడానికి సాయం చేస్తామన్న సంస్థ ఒకటి ఉంది. దాని తరఫున ఒక పెద్దమనిషి చూసి ఫోన్ చేశాడు. ఆయన మంచివాడు, ఇలాంటి సినిమాలంటే ప్రేమ ఉన్నవాడు. బాగుందన్నాడు. తర్వాత అడిగాడు.

"మధ్యలో ఆ నల్ల తెర ఏమిటి?"

చెప్పాను.

"నిద్రలో మాట్లాడిందా? మరి అదే కదండీ మీ సినిమా! ఆ మాటలు పెట్టి కింద తెలుగులో వేయండి. లేకపోతే ఆమె బాధేమిటో చూసేవాళ్లకు ఎలా తెలుస్తుంది?"

"అవి లేవండి. చెరిపేశాను."

"కాపీ ఉంటుంది కదా?"

"లేదు."

"ఇది ఇంకో సంస్థ కోసం తీసిన సినిమా అయితే, మీరు చెరిపేసినందుకు నేనూ మెచ్చుకునేవాణ్నేమో," అన్నాడు, కోపంగా కాదు, నిజంగానే బాధపడుతూ. ఆ తర్వాత ఆ సంస్థ నుంచి కబురు లేదు. ఫోన్ పెట్టేశాక ఈ సంగతి ఆమెకు చెప్పాలనిపించింది. చెప్తే తన వల్ల నా పని చెడిపోయిందని బాధపడుతుందని చెప్పలేదు. ఆ రోజు టైర్ల షాపుకు సెలవు. కింద ఏ చప్పుడూ లేదు. కిటికీ తెరిచి పెట్టుకుని హైవే వైపు చూస్తూ కూర్చున్నాను.

వానలు మొదలయ్యే ముందు గదుల యజమాని ఆ స్థలం అమ్మేశాడు. అక్కడ ట్రాక్టర్ల షోరూమ్ వస్తుందన్నారు. అందరినీ ఖాళీ చేయమన్నాడు. ఒక్కో కుటుంబం ఒక్కో వైపు పోయింది. ఆమె అక్క కూతురు బీదర్ అవతల ఒక ఊళ్లో ఉంటుందట, అక్కడికి రమ్మందట. పోయే రోజు సామాను సాయం పట్టడానికి వెళ్లాను. సామాను ఎంతో లేదు. ట్రాలీ ఆటో ఎక్కాక నా చెయ్యి పట్టుకుని, "ఆడ పెద్ద ఇల్లు. పిల్లలు, కోళ్లు, లొల్లి లొల్లి ఉంటది. నిద్ర ఎట్ల వడ్తదో," అంది. నవ్వుతూనే అంది. ఆటో సరిహద్దు దగ్గరి చిరాగ్‌పల్లి వైపు తిరిగేదాకా నిలబడి, నేను నడుచుకుంటూ గదికొచ్చాను.

సినిమాను హైదరాబాద్‌లో ఒక చిన్న హాల్లో, తెలిసినవాళ్ల పుణ్యమా అని, ఒక సాయంత్రం చూపించాను. ప్లాస్టిక్ కుర్చీలు, గోడ మీద తెర. వచ్చినవాళ్లు కొద్దిమంది. కొందరు మధ్యలో లేచి పోయారు. చివర్లో ఒకమ్మాయి, ఆ నల్ల తెర దగ్గర ఏముండేదని అడిగింది. "అది ఆమెది," అన్నాను. ఆ అమ్మాయి తలూపి కూర్చుంది. అంతకంటే ఎవరూ ఏమీ అడగలేదు. కుర్చీలు సర్దడానికి సాయం చేసి బయటికొచ్చాను.

జహీరాబాద్ బస్సు ఎక్కాక ఆమెకు ఫోన్ చేశాను. వెనక పిల్లల అరుపులు, ఎవరో గిన్నెలు తోముతున్న చప్పుడు.

"చూపించానక్కా."

"చూసిన్రా? ఎవలన్న నవ్విన్రా?"

"లేదు."

"ఎవలన్న పండుకున్నరా?"

నిజం చెప్పాలో వద్దో అర్థం కాలేదు. "వెనక వరసలో ఒకాయన పడుకున్నాడు," అన్నాను.

"పండుకోని తియ్. ఎంత అలిసి వచ్చిండో," అంది. ఇంకేదో చెప్పబోయింది, పక్కనుంచి ఎవరో కన్నడంలో పిలిచారు. మళ్లీ చేస్తానని పెట్టేసింది.

అప్పుడప్పుడు చేస్తుంది. నేనూ చేస్తాను. రమ్మంటుంది, ఏ బస్సు ఎక్కాలో, ఎక్కడ దిగాలో చెప్తుంది. వస్తానంటాను. ఇంకా పోలేదు. ఆ ఇంట్లో అంతమంది మధ్య నేను ఎక్కడ కూర్చోవాలో నాకు తెలియదు. పెళ్లి వీడియోలు వస్తూనే ఉన్నాయి. ఈ మధ్య వాటిలో పాటలు తగ్గించి, భోజనాల దగ్గర గిన్నెల చప్పుడు అలాగే ఉంచుతున్నాను. ఒక స్టూడియో ఆయన ఫోన్ చేసి, ఇదేంటి మేడం ఇట్ల పంపిన్రు అని అడిగాడు. మార్చి పంపిస్తానన్నాను.